హైపర్‌వెంటిలేషన్: గాలి నిండుగా అందుతున్నా ఊపిరాడనట్టు ఎందుకుంటుంది?

2004 డిసెంబరు 26 ఉదయం వచ్చిన భూకంపం, ఆ వెంటనే విరుచుకుపడిన సునామీ అండమాన్ నికోబార్ దీవుల్లో మూడు వేల మందికి పైగా ప్రాణాలు తీశాయి లేదా ఆచూకీ లేకుండా చేశాయి. వేలాది కుటుంబాలు ఇళ్లు వదిలి సహాయ శిబిరాలకు చేరాయి. ఆ తర్వాత కూడా భూమి కుదుటపడలేదు. నెలల తరబడి ప్రకంపనలు వస్తూనే ఉన్నాయి. ఆ రోజుల్లో బెంగళూరులోని నిమ్హాన్స్ నుంచి వెళ్లిన మానసిక వైద్య బృందం దీవుల్లో సేవలందిస్తూ ఒక అధ్యయనం చేసింది. ఇల్లు వదిలి శిబిరాల్లో ఉన్నవారిని, తమ ఊళ్లలోనే ఉండిపోయినవారిని పోల్చి చూసింది. 2008లో వెలువడిన ఆ ఫలితాల ప్రకారం నిర్వాసితుల్లో 5.2 శాతం మందికి, ఇళ్లలోనే ఉన్నవారిలో 2.8 శాతం మందికి మానసిక సమస్యలు కనిపించాయి. కుంగుబాటు రెండు వర్గాల్లోనూ దాదాపు ఒకేలా ఉంది. కానీ పానిక్ డిజార్డర్, ఇతర ఆందోళన సమస్యలు, శారీరక కారణం దొరకని ఒంటి బాధలు నిర్వాసితుల్లోనే ఎక్కువగా ఉన్నాయి.

పానిక్ డిజార్డర్ అంటే ఉన్నట్టుండి ముంచుకొచ్చే తీవ్రమైన భయం. దానితో పాటు తరచుగా కనిపించే శారీరక మార్పు హైపర్‌వెంటిలేషన్, అంటే శరీర అవసరానికి మించి ఊపిరి తీసుకోవడం, వదలడం. గుండె దడదడలాడుతుంది. వేళ్లు తిమ్మిరెక్కుతాయి. కళ్లు బైర్లు కమ్ముతాయి. గుండెపోటు వచ్చిందనో, ప్రాణం పోతోందనో అనిపిస్తుంది. పక్కనున్నవారు గాలి సోకిందని ఒకరు, దిష్టి తగిలిందని ఇంకొకరు అంటారు. ఆసుపత్రిలో ఈసీజీ తీసి ‘ఏమీ లేదు’ అంటారు. నిజానికి ఏమీ లేకపోవడం కాదు. ఆ కొన్ని నిమిషాల్లో రక్తంలో కొలవగలిగిన మార్పే జరిగింది.

లోటు ప్రాణవాయువుది కాదు

ఊపిరాడడం లేదంటే ఆక్సిజన్ చాలడం లేదని అనుకోవడం సహజం. భయం వల్ల వచ్చే హైపర్‌వెంటిలేషన్‌లో అది నిజం కాదు. ఆరోగ్యంగా ఉన్న పెద్దవారు విశ్రాంతిగా ఉన్నప్పుడు నిమిషానికి 12 నుంచి 20 సార్లు ఊపిరి తీసుకుంటారు. అప్పటికే రక్తంలోని హిమోగ్లోబిన్ 97, 98 శాతం దాకా ఆక్సిజన్‌తో నిండి ఉంటుంది. నిండిన కుండలో ఇంకా నీళ్లు పోసినట్టే, ఎంత గట్టిగా గాలి పీల్చినా అదనంగా చేరేది చాలా తక్కువ.

మారేది కార్బన్ డయాక్సైడ్. దీన్ని చాలామంది శరీరం బయటికి నెట్టేయాల్సిన చెత్తగా భావిస్తారు. కానీ రక్తంలోని ఆమ్ల, క్షార సమతౌల్యాన్ని నిలబెట్టడంలో దానిది కీలక పాత్ర. ధమనుల రక్తంలో దాని పీడనం మామూలుగా 35 నుంచి 45 మిల్లీమీటర్ల పాదరసం మధ్య ఉండాలి. ఊపిరిని నడిపించే ప్రధాన సూచిక కూడా ఇదేనని జాన్ స్కాట్ హాల్డేన్, జాన్ ప్రీస్ట్లీ 1905లో చూపించారు. మెదడు అడుగు భాగంలోని శ్వాస కేంద్రం నిమిష నిమిషానికీ గమనించేది ముఖ్యంగా కార్బన్ డయాక్సైడ్ ఎంతుందో. ఆక్సిజన్ బాగా పడిపోతే తప్ప అది అంతగా పట్టించుకోదు.

ఎవరైనా అవసరం లేకుండా వేగంగా, లోతుగా ఊపిరి తీస్తే కార్బన్ డయాక్సైడ్ తయారయ్యే దానికంటే వేగంగా బయటికి పోతుంది. రక్తం క్షార స్వభావం వైపు జరుగుతుంది. వైద్యులు దీన్ని రెస్పిరేటరీ ఆల్కలోసిస్ అంటారు. మిగతా లక్షణాలు చాలావరకు ఇక్కడి నుంచే మొదలవుతాయి.

మొదటిది తల తిరగడం. కార్బన్ డయాక్సైడ్ తగ్గితే మెదడుకు వెళ్లే రక్తనాళాలు సన్నబడతాయి. దాని పీడనం ఒక్కో మిల్లీమీటరు తగ్గేకొద్దీ మెదడుకు చేరే రక్తం రెండు, మూడు శాతం చొప్పున తగ్గుతుంది. అంటే 40 ఉన్నది 25కి పడిపోతే మెదడు రక్తసరఫరాలో మూడో వంతు దాకా కోత పడవచ్చు. పైగా క్షార స్వభావం పెరిగిన రక్తంలో హిమోగ్లోబిన్ ఆక్సిజన్‌ను గట్టిగా పట్టుకుని కణజాలానికి తేలిగ్గా వదలదు. అందుకే వేలికి పెట్టిన ఆక్సీమీటరు 99 చూపిస్తున్నా తల తేలిపోతున్నట్టు, చుట్టూ ఉన్నదంతా నిజం కానట్టు ఉంటుంది.

రెండోది తిమ్మిర్లు, కొంకర్లు. రక్తంలో క్షార స్వభావం పెరిగితే క్యాల్షియం అల్బుమిన్ అనే ప్రొటీన్‌కు ఎక్కువగా అతుక్కుంటుంది. మొత్తం క్యాల్షియం తగ్గదు కానీ, స్వేచ్ఛగా తిరిగే క్యాల్షియం తగ్గుతుంది. దాంతో నరాలు చిన్న ప్రేరణకే స్పందిస్తాయి. పెదాల చుట్టూ, వేళ్ల చివర్లలో చీమలు పాకినట్టు ఉంటుంది. తీవ్రమైతే చేతివేళ్లు దగ్గరకు చేరి కొంకర్లు పోతాయి. చూసేవారికి ఇది పక్షవాతంలానో మూర్ఛలానో కనిపిస్తుంది. ఊపిరి నెమ్మదించాక కొద్ది నిమిషాల్లో వేళ్లు వాటంతటవే విచ్చుకుంటాయి.

మూడోది ఛాతీలో నొప్పి, బిగుతు. పక్కటెముకల మధ్య కండరాలు విరామం లేకుండా పనిచేసి అలసిపోతాయి. నోటితో ఊపిరి తీయడం వల్ల నోరు ఎండుతుంది. గాలి మింగడం వల్ల తేన్పులు, కడుపు ఉబ్బరం వస్తాయి. వీటికి తోడు భయం వల్ల విడుదలయ్యే అడ్రినలిన్ గుండె వేగాన్ని, చెమటను, వణుకును పెంచుతుంది.

ఇవన్నీ కలిసి మనిషిని ఇంకా భయపెడతాయి. భయపడితే ఊపిరి ఇంకా వేగం పుంజుకుంటుంది. వేగం పెరిగితే లక్షణాలు ముదురుతాయి. దీనికి వైద్యం చేయడమంటే ఈ వలయాన్ని ఎక్కడో ఒకచోట తెంచడమే.

సైనికుల గుండె జబ్బు నుంచి

ఈ బాధ కొత్తది కాదు. అమెరికా అంతర్యుద్ధంలో పోరాడిన సైనికుల్లో గుండె దడ, ఛాతీ నొప్పి, ఆయాసం ఉండి, గుండెలో లోపమేదీ కనిపించని వారి గురించి జాకబ్ డకోస్టా అనే వైద్యుడు 1871లో రాశాడు. దాన్ని ‘చికాకుపడే గుండె’ అన్నాడు. ఆందోళనకూ అతిశ్వాసకూ ఉన్న సంబంధాన్ని 1930ల చివర్లో అమెరికా వైద్యులు కెర్, డాల్టన్, గ్లీబ్ వివరించి హైపర్‌వెంటిలేషన్ సిండ్రోమ్ అనే మాటను వ్యాప్తిలోకి తెచ్చారు. ఆ తర్వాతి దశాబ్దాల్లో అవగాహన ఇంకొంత మారింది. పానిక్ వచ్చిన ప్రతిసారీ అతిశ్వాస ఉండదు, అతిశ్వాస ఉన్న ప్రతివారికీ పానిక్ ఉండదు అని నేటి వైద్యులు గుర్తిస్తున్నారు. అందుకే హైపర్‌వెంటిలేషన్‌ను ఒక జబ్బు పేరుగా కాక, కారణం వెతకాల్సిన లక్షణంగా చూడడం మేలు.

భయం ఒక్కటే కారణం కాదు

వేగంగా ఊపిరి తీసే ప్రతి మనిషీ భయపడుతున్నట్టు కాదు. ఈ విషయంలో అండమాన్‌కు చేదు అనుభవం ఉంది. 1988 నుంచి ఉత్తర అండమాన్‌లోని డిగ్లీపూర్ ప్రాంతంలో వర్షాకాలం తర్వాత అంతుచిక్కని జ్వరం కనిపించసాగింది. జ్వరంతో మొదలై దగ్గు, ఆయాసం, రక్తం పడడం దాకా వెళ్లేది. కొందరు ప్రాణాలు కోల్పోయారు. చాలాకాలం దాన్ని అండమాన్ హేమరేజిక్ ఫీవర్ అనే పిలిచారు. పోర్ట్ బ్లెయిర్‌లోని భారత వైద్య పరిశోధన మండలి కేంద్రం శాస్త్రవేత్తలు 1990లలో దాని గుట్టు విప్పారు. అది లెప్టోస్పైరోసిస్, మన దగ్గర ఎలుక జ్వరం అని పిలిచేది. ఎలుకలు, పశువుల మూత్రం కలిసిన బురదనీటి ద్వారా సోకే ఈ జబ్బు కొందరిలో ఊపిరితిత్తుల్లో రక్తస్రావానికి దారితీస్తుంది. వరిమడిలో దిగి పనిచేసిన మనిషి జ్వరంతో రొప్పుతుంటే ‘కంగారు పడకు’ అని సరిపెట్టడం ప్రాణాంతకం కావచ్చు.

ఇలాంటి శారీరక కారణాలు ఇంకా ఉన్నాయి. ఆస్తమా, న్యుమోనియా, ఊపిరితిత్తుల రక్తనాళాల్లో గడ్డ అడ్డుపడడం, గుండెపోటు, గుండె వైఫల్యం, రక్తంలో ఇన్‌ఫెక్షన్, తీవ్రమైన రక్తహీనత, థైరాయిడ్ ఎక్కువ కావడం, ఆస్పిరిన్ మాత్రలు మోతాదు మించి మింగడం వీటిలో ముఖ్యమైనవి. మధుమేహం అదుపు తప్పి కీటోన్లు పేరుకుపోతే రక్తం ఆమ్లంగా మారుతుంది. దాన్ని సరిచేయడానికి శరీరమే లోతైన, వేగమైన శ్వాసకు దిగుతుంది. ఊపిరిలో మాగిన పండు వాసన రావచ్చు. అక్కడ వేగంగా ఊపిరి తీయడం జబ్బు కాదు, ప్రాణరక్షణ. దాన్ని బలవంతంగా ఆపాలని చూడకూడదు. గర్భిణుల్లో హార్మోన్ల వల్ల, ఎత్తైన కొండ ప్రాంతాల్లో ఆక్సిజన్ తక్కువ కావడం వల్ల శ్వాస పెరగడం మామూలే.

అందువల్ల మొదటిసారి ఇలాంటి బాధ వచ్చినవారు, 40 దాటినవారు, గుండె జబ్బు, మధుమేహం, ఆస్తమా ఉన్నవారు తమంతట తాము ఆందోళనే అని తేల్చుకోకూడదు. జ్వరం, దగ్గులో రక్తం, ఛాతీ నుంచి చేతికో దవడకో పాకే నొప్పి, ఒక కాలు వాయడం, పెదాలు నీలం తిరగడం, మగత, ఆక్సీమీటరులో 94 కంటే తక్కువ అంకె ఉంటే ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి వెళ్లాలి. ఆక్సీమీటరు 98 చూపించినంత మాత్రాన గుండెపోటో, మధుమేహ ప్రమాదమో లేదని అర్థం కాదు. వైద్యులు ఈసీజీ, రక్తంలో చక్కెర, ఛాతీ ఎక్స్‌రే, అవసరమైతే ధమని రక్త పరీక్ష చేసి మిగతా కారణాలు లేవని చూశాకే అతిశ్వాసను ఆందోళనకు ముడిపెడతారు.

సముద్రం అడుగున అదే పొరపాటు

అండమాన్‌లో హైపర్‌వెంటిలేషన్‌కు ఇంకో ముఖం ఉంది. హేవ్‌లాక్, నీల్ దీవులు, అంటే 2018లో పేర్లు మారిన స్వరాజ్ ద్వీప్, షహీద్ ద్వీప్, పగడపు దిబ్బలు చూడవచ్చే పర్యాటకులకు ప్రధాన గమ్యాలు. ఈత రానివారు కూడా శిక్షకుడి వెంట స్కూబా డైవింగ్‌కు దిగుతారు. ముఖానికి మాస్కు, నోటిలో గొట్టం, చెవుల్లో ఒత్తిడి అలవాటు లేనివారిలో కంగారు పుట్టిస్తాయి. ఊపిరి పైపైన, వేగంగా సాగుతుంది. సిలిండరులో గాలి త్వరగా అయిపోతుంది. అన్నిటికన్నా ప్రమాదం, భయంతో ఊపిరి బిగపట్టి ఒక్కసారిగా పైకి దూసుకురావడం. పైకి వచ్చేకొద్దీ నీటి ఒత్తిడి తగ్గి ఊపిరితిత్తుల్లోని గాలి వ్యాకోచిస్తుంది. అది బయటికి పోయే దారి లేకపోతే ఊపిరితిత్తులు దెబ్బతిని, గాలి బుడగలు రక్తంలో చేరి మెదడు దాకా వెళ్లవచ్చు. అందుకే డైవింగ్‌లో మొదటి పాఠం నీటి కింద ఎప్పుడూ ఊపిరి బిగపట్టకూడదని. కంగారు పుడితే ఆగి, నెమ్మదిగా ఊపిరి వదిలి, శిక్షకుడికి సైగ చేయాలి.

సిలిండరు లేకుండా ఊపిరి బిగపట్టి మునిగేవారిది దీనికి వ్యతిరేకమైన పొరపాటు. మునిగే ముందు పది, ఇరవై సార్లు గట్టిగా ఊపిరి తీస్తే ఎక్కువసేపు ఉండవచ్చన్న నమ్మకం చెరువుల్లో, కాలువల్లో ఈతకొట్టే పిల్లల్లోనూ ఉంది. పైకి చూస్తే అది నిజమే. ఎక్కువసేపు ఉండగలుగుతారు. కానీ ఆక్సిజన్ నిల్వ పెరిగినందువల్ల కాదు. కార్బన్ డయాక్సైడ్ పడిపోయి, ‘ఇక ఊపిరి తీయాలి’ అని మెదడు చెప్పే హెచ్చరిక ఆలస్యమైనందువల్ల. ఆ గంట మోగేలోపే ఆక్సిజన్ ప్రమాదకర స్థాయికి దిగజారుతుంది. పైకి వస్తుండగా ఊపిరితిత్తుల్లో దాని పీడనం ఇంకా తగ్గుతుంది. ఏ బాధా తెలియకుండానే, పైకి వస్తుండగానే స్పృహ తప్పుతుంది. నీటిలో స్పృహ తప్పితే మునిగిపోవడమే. నీటి అడుగున ఈతగాళ్లు స్పృహ కోల్పోవడానికి అతిశ్వాసకు ఉన్న సంబంధాన్ని ఆల్బర్ట్ క్రెయిగ్ 1961లోనే విశ్లేషించాడు. బాగా ఈత వచ్చినవారే ఎక్కువసేపు ప్రయత్నిస్తారు కాబట్టి వారు కూడా దీనికి బలవుతారు. మునిగే ముందు వేగంగా ఊపిరి తీయకూడదు. ఒంటరిగా మునగకూడదు. ఈ రెండు నియమాలు పిల్లలకు ఈతతో పాటే నేర్పాలి.

అప్పటికప్పుడు ఏం చేయాలి?

ప్రమాద సూచనలు లేవని, ఇంతకుముందు వైద్యులు పరీక్షించి ఆందోళన వల్లనేనని చెప్పారని తెలిసినప్పుడు పక్కనున్నవారు చేయగలిగింది చాలా ఉంది. ముందు చుట్టూ మూగిన జనాన్ని పంపాలి. కూర్చోబెట్టి, బిగుతుగా ఉన్న దుస్తులు వదులు చేసి, మెల్లగా మాట్లాడాలి. ‘గట్టిగా ఊపిరి తీసుకో’ అనడం అందరికీ నోటికొచ్చే సలహా. సరిగ్గా అదే ఇవ్వకూడని సలహా. అప్పటికే ఊపిరి ఎక్కువైంది. ‘మెల్లగా వదులు’ అనడం సరైనది.

పొట్టపై చేయి వేసుకుని, ముక్కుతో నాలుగు అంకెలు లెక్కపెట్టేంత సేపు గాలి తీసి, ఆరు అంకెలు లెక్కపెట్టేంత సేపు పెదాలు సన్నగా చేసి వదలాలి. అంకెకో సెకను చొప్పున ఇలా నిమిషానికి ఆరు శ్వాసలవుతాయి. ఛాతీ కాకుండా పొట్ట పైకీ కిందికీ కదలాలి. మొదట ఆ వేగం అందకపోతే కంగారుపడక్కర్లేదు. వదిలే సమయాన్ని కొద్దికొద్దిగా పెంచుకుంటూ పోతే చాలు. పక్కనున్నవారు తామూ అదే లయలో ఊపిరి తీస్తూ వేళ్లతో లెక్కపెడితే బాధలో ఉన్నవారికి తేలికవుతుంది. చాలామందికి కొద్ది నిమిషాల్లో ఊరట మొదలవుతుంది.

నోటికి కాగితపు సంచి పెట్టి వదిలిన గాలినే మళ్లీ పీల్పించడం సినిమాల్లో, పాత పుస్తకాల్లో కనిపించే చిట్కా. కార్బన్ డయాక్సైడ్‌ను పెంచాలన్న తర్కం సరైనదే. కానీ సంచిలో ఆక్సిజన్ కూడా పడిపోతుంది. ఆ మనిషికి నిజంగా గుండె లేదా ఊపిరితిత్తుల జబ్బు ఉంటే అది ప్రాణం తీయగలదు. అలా పొరబడి సంచి వాడిన రోగులు మరణించిన ఉదంతాలను అమెరికా వైద్యుడు మైకేల్ కాలహామ్ 1989లో ప్రచురించాడు. నేడు ఈ పద్ధతిని సిఫారసు చేయడం లేదు. ప్లాస్టిక్ సంచి మాట అసలే ఎత్తకూడదు. ముఖాన నీళ్లు కొట్టడం, చెంప మీద కొట్టడం, ఉల్లిపాయ వాసన చూపించడం కూడా భయాన్ని పెంచుతాయే తప్ప ఊపిరిని సరిచేయవు.

మళ్లీ మళ్లీ వస్తుంటే

ఒకసారి వచ్చి పోయినదానికి వివరణ, ధైర్యం సరిపోవచ్చు. మళ్లీ వస్తుందేమోనన్న భయంతో బజారుకు, బస్సుకు, పడవకు దూరమవుతుంటే చికిత్స కావాలి. కాగ్నిటివ్ బిహేవియరల్ థెరపీలో లక్షణాలను ప్రాణాపాయంగా చదువుకునే అలవాటును మార్పిస్తారు. కొన్నిసార్లు వైద్యుడి ఎదుటే కావాలని వేగంగా ఊపిరి తీయించి, తిమ్మిర్లు ఎలా వస్తాయో, ఎలా తగ్గుతాయో స్వయంగా చూపిస్తారు. శ్వాస అభ్యాసాలు ఫిజియోథెరపిస్టులు నేర్పుతారు. పానిక్ డిజార్డర్ ఉంటే ఎస్ఎస్ఆర్ఐ వర్గం మందులు కొన్ని నెలలు వాడాల్సి రావచ్చు. అల్ప్రాజోలం లాంటి మత్తు మాత్రలు వెంటనే హాయినిస్తాయి కానీ అలవాటు పడే ప్రమాదం ఉంది. వాటిని వైద్యుల పర్యవేక్షణలో కొద్దికాలానికే పరిమితం చేయాలి. కాఫీ తగ్గించడం, నిద్ర, వ్యాయామం తోడ్పడతాయి. ప్రాణాయామంలో నెమ్మదిగా వదిలే పద్ధతులు మేలు చేస్తాయి. వేగంగా సాగే కపాలభాతి, భస్త్రిక మాత్రం కొందరిలో ఇవే లక్షణాలు రప్పించగలవు. ఈ ఇబ్బంది ఉన్నవారు వాటి జోలికి వెళ్లకపోవడమే మంచిది.

దూరం పెంచే భయం

2024లో శ్రీ విజయపురంగా పేరు మారిన పోర్ట్ బ్లెయిర్ చెన్నైకి, విశాఖపట్నానికి వెయ్యి కిలోమీటర్లకు పైగా దూరంలో ఉంది. దీవుల జనాభాలో తెలుగు మాట్లాడేవారు సుమారు 13 శాతం. వారిలో ఉత్తరాంధ్ర తీరం నుంచి వెళ్లిన మత్స్యకార కుటుంబాలు చాలా ఉన్నాయి. జి.బి.పంత్ ఆసుపత్రి లాంటి పెద్ద ఆసుపత్రి రాజధానిలో ఉంది. బయటి దీవుల నుంచి రోగిని అక్కడికి తరలించాలంటే ఓడకో హెలికాప్టర్‌కో ఎదురుచూడాలి. సముద్రం పోటెత్తితే అదీ కుదరదు. అలాంటి చోట ఆయాసం రెండు రకాల తప్పులకు తావిస్తుంది. ఆందోళనను గుండెపోటుగా పొరబడితే కుటుంబం ఖర్చుతో, భయంతో కుంగిపోతుంది. ఎలుక జ్వరాన్నో గుండెపోటునో ఆందోళనగా పొరబడితే మనిషే పోతాడు. రెండో తప్పు సరిదిద్దలేనిది. కాబట్టి అనుమానం ఉన్నచోట ముందు శరీరాన్ని పరీక్షించడం, అది బాగుందని తేలాక మనసు సంగతి సిగ్గుపడకుండా చూడడం, ఈ వరుస తప్పకూడదు.

రెండో మెట్టుకు దూరం ఇప్పుడు కొంత తగ్గింది. కేంద్ర ప్రభుత్వం 2022 అక్టోబరు 10న ప్రారంభించిన టెలీ మానస్ సహాయ కేంద్రం 14416 నంబరుకు రోజులో ఏ వేళలోనైనా ఉచితంగా ఫోన్ చేయవచ్చు. తెలుగులోనూ మాట్లాడవచ్చు. ప్రాణాపాయం అనిపిస్తే మాత్రం ముందు చేయాల్సిన ఫోన్ 112.